ఒబాట్స్‌డా: బీరు పోసి కలిపే చీజు ముద్ద, మన గూడెం ఉల్లిపాయతో

జర్మనీలో బీరు పోసి చేసే చీజు ముద్ద మన ఏలూరులో అవుతుందా అని చాలామంది అడుగుతున్నారు. అవుద్దండి. పొయ్యి కూడా వెలిగించక్కర్లేదు. అసలు చిక్కంతా అక్కడే ఉంది, చెప్తాను.

దాని పేరు ఒబాట్స్‌డా. బవేరియా యాసలో నలిపి కలిపింది అని అర్థం. 1812లో అక్కడి రాజు బీరు కాసేవాళ్లకి ఒక ఉత్తర్వు ఇచ్చాడు. మీ తోటల్లో బీరు, రొట్టె అమ్ముకోండి, వేరే తిండి మాత్రం అమ్మొద్దు అని. దాంతో జనం ఇంటి నుంచే డబ్బా కట్టుకెళ్లేవారు. మ్యూనిక్ పాతకాలపు బీరు తోటల్లో ఆ అలవాటు ఇప్పటికీ ఉంది. బాగా పండిపోయిన కామంబేర్ చీజుని పారెయ్యలేక వెన్న, ఉల్లి, కారం వేసి నలిపిందే ఈ ముద్ద. 1920ల్లో ఫ్రైసింగ్‌లో కాథరీనా ఐజెన్‌రైక్ అనే ఆవిడ తన బీరుశాలలో వడ్డించి దీనికి పేరు తెచ్చింది. మన ఆత్రేయపురం పూతరేకులకి ఉన్నట్టే దీనికీ 2015 నుంచి యూరప్‌లో జీఐ గుర్తింపు ఉంది. కాబట్టి మనం చేసేది దాని చుట్టం అనుకోండి.

కామంబేర్ మన కిరాణా కొట్లో దొరకదు. ఆన్‌లైన్‌లో తెప్పిస్తే ధర వాచిపోద్ది, పైగా మే నెల ఎండకి దారిలోనే జారిపోద్ది. అందుకని 100 గ్రాముల తాజా పనీరు, నాలుగు చీజు క్యూబులు, 40 గ్రాముల వెన్న, గుడ్డలో వడకట్టిన గేదె పెరుగు రెండు చెంచాలు తీసుకోండి. పనీరు, పెరుగు మిక్సీలో మెత్తగా తిప్పండి. తురిమిన చీజు, మెత్తబడ్డ వెన్న మాత్రం ఫోర్కుతోనే కలపండి. అక్కడక్కడా పలుకు తగలాలి. చెంచాడు కాశ్మీరీ కారం వెయ్యండి, రంగు వస్తే చాలు. గుంటూరు కారం వేస్తే ఇంకేం తెలీదు. వాళ్లు వేసే కారవే గింజ వాసనకి మన షాజీరా దగ్గర. అరచెంచా నలిపి వెయ్యండి. ఉప్పు ఇప్పుడే వద్దు, చీజులోనే ఉంటది.

ఇప్పుడు బీరు, మూడు పెద్ద చెంచాలు. అంటే 45 ఎం.ఎల్. అయిదు శాతం బీరైతే అందులో ఆల్కహాల్ రెండు ఎం.ఎల్. పైచిలుకు. తక్కువే. కానీ పొయ్యి మీద పెట్టం కదా, ఆవిరైపోయేది ఏమీ ఉండదు. గిన్నె మధ్యలో పెట్టి అందరూ ముంచుకు తినేది ఇది. అమ్మమ్మ ఉంటది, మాలలో ఉన్న బాబాయి ఉంటాడు, మందులు వాడేవాళ్లు, కడుపుతో ఉన్న అక్క, చిన్నపిల్లలు ఉంటారు. "తిన్నాక చెప్దాంలే, సరదాగా ఉంటది" అనే బ్యాచ్ ఒకటి ఉంటది చూశారా, ఆ పని మాత్రం చెయ్యకండి బాబూ. బీరు పొయ్యకముందే సగం తీసి వేరే గిన్నెలో పెట్టండి, అందులో పుల్ల మజ్జిగ పొయ్యండి. నిజం చెప్పాలంటే నాకు మజ్జిగదే నచ్చింది. బీరు ఇచ్చే ఆ చిరుచేదు మాత్రం దానికి రాదు. మన రాష్ట్రంలో 21 నిండనివాళ్లకి మజ్జిగ గిన్నే. సీసాలో మిగిలింది తాగినవాళ్లు ఆ రాత్రి కైకలూరు రోడ్డు మీద బండి తియ్యకూడదు. చీజు ప్యాకెట్ మీద పచ్చ చుక్క కూడా చూడండి. కొన్ని విదేశీ చీజుల్ని దూడ పొట్టలోంచి తీసిన రెన్నెట్‌తో విరగ్గొడతారు.

ఉల్లిపాయ ఆఖర్న. తాడేపల్లిగూడెం మార్కెట్ ఉండగా మనకి ఉల్లికి లోటేంటి! సన్నగా తరిగి, తినే ముందే కలపండి. ముందే వేస్తే చేదెక్కుద్ది, ముద్ద కూడా తొందరగా పాడవుద్ది.

వాళ్లు ప్రెట్జెల్‌తో, ఉప్పు రాసిన తెల్ల ముల్లంగితో తింటారు. ముల్లంగి మనకీ ఉంది. ప్రెట్జెల్ బదులు నేను చేగోడీలు పెట్టాను. ముంచితే విరుగుతున్నాయి గానీ రుచి అదిరింది. కాల్చిన బ్రెడ్డు అయితే గోల ఉండదు.

ఆటపాక పక్షుల్ని చూడ్డానికి వెళ్తూ పట్టికెళ్దాం అనుకుంటే ఆగండి. మన ఎండకి ఇది ఫ్రిజ్ బయట గంట మించి ఉండకూడదు. కొల్లేరు చేపల్ని ఎలా పేకింగ్ చేస్తారో చూశారుగా, కింద ఐసు, పైన ఐసు. అలా థర్మోకోల్ పెట్టెలో మజ్జిగ గిన్నె పట్టికెళ్లండి, బీరుది ఇంట్లో ఉంచెయ్యండి. మర్నాటికి మిగిలితే ఉల్లి వెయ్యని ముద్దే దాచండి. దాన్ని దోసె మీద రాసి చూశాను, వచ్చే ఎపిసోడ్‌లో అదే.