కింద సంతకం ఎవరిది?

(ఆగిరిపల్లిలో చేసిన స్మారకోపన్యాసం)



ఎవరి జ్ఞాపకార్థం ఈ సభ జరుగుతోందో నా వెనక బ్యానరు మీద రాసి ఉంది. ఆ పేరు నేను పలకను. గురువు పేరు శిష్యుడు నోటితో అనకూడదని మా ఇంట్లో పెంచారు. డెబ్భై దాటాక ఆ అలవాటు మార్చుకోలేను. మాస్టారనే అంటాను.

మాస్టారు బళ్ళో సోషల్ చెప్పేవారు. బడి వదిలాక ఇంటి అరుగు మీద కూర్చుని ఊళ్ళోవాళ్ళకు అర్జీలు రాసేవారు. అడంగల్లో పేరు తప్పు పడిందనో, పింఛను ఆగిందనో, తూము కింద నీళ్ళు అందడం లేదనో ఎవరో ఒకరు వచ్చేవారు. వచ్చినవాడి కష్టం వినకముందే ఆయన చెయ్యి చాపేవారు. "ఏదీ, నీకొచ్చిన కాగితం. కింద సంతకం ఎవరిదిరా?" వాడు "గవర్నమెంటుదండి" అనేవాడు. "గవర్నమెంటుకి చెయ్యి ఉంటుందా సంతకం పెట్టడానికి? సరిగ్గా చూడు." ఆ పేరు దొరికేదాకా కలం తీసేవారు కాదు.

ప్రజలకు నచ్చని నిర్ణయాలను ప్రజాస్వామ్యాలు ఎలా నెట్టుకొస్తాయో చెప్పమన్నారు కార్యదర్శి గారు. నలభై అయిదు నిమిషాలిచ్చారు. ఇవి మామిడికాయ కోత రోజులు, లోడు వేయించాల్సినవాళ్ళు సభలో ఉన్నారు. అందుకని నూజివీడు జమీందారీ కాలం దాటేస్తున్నాను. ఆ సంగతులు మీకు నాకంటే బాగా తెలుసు. పైగా అక్కడ జనానికి నచ్చిందా లేదా అన్న ప్రశ్నే లేదు. కుంఫిణీ, ఆనకట్టలు, 1909 సంస్కరణలు, మాంటేగు-చెమ్స్‌ఫర్డు అన్నీ మీరు బళ్ళో చదువుకున్నవే. నేను నేరుగా చీరాల వెళ్తాను. మద్రాసు ఎగ్మూరు దస్తావేజుల భవనంలో రెండు వేసవులు స్థానిక స్వపరిపాలన శాఖ జీవోల దుమ్ము పీల్చినవాణ్ణి. ఆ ఊరి మీద కాస్త మమకారం ఎక్కువ, మన్నించాలి.

చీరాల, పేరాల అప్పట్లో గుంటూరు జిల్లాలో పంచాయతీ యూనియన్ కింద ఉండేవి. నేతపనివాళ్ళు, చిల్లర వర్తకులు, కూలీలు, అంతా కలిపి పదిహేను వేల జనం. 1919లో మద్రాసు ప్రభుత్వం ఆ ఊళ్ళను మునిసిపాలిటీగా ప్రకటించింది. యూనియన్‌గా ఉన్నప్పుడు ఏడాదికి నాలుగు వేలు కట్టిన ఊరు, మునిసిపాలిటీ అయ్యాక నలభై వేల దాకా కట్టాల్సి వచ్చిందని అందరూ రాసే లెక్క. పదింతలు! మగ్గం గుంటలో కూర్చుని చీరకింత అని సంపాదించేవాడికి ఇంటి పన్ను అంటే ఏమిటో ఆలోచించండి.

మునిసిపాలిటీ ఎందుకు పెట్టారు? దురుద్దేశంతోనే అని నేననను. పదిహేను వేల మంది ఉన్న ఊరికి మురుగు కాలువ, మంచినీళ్ళు, ఆస్పత్రి అక్కర్లేదా? ఆ నిర్ణయంలో ఆ మాత్రం న్యాయం ఉంది. అది చేసిన తీరే చెడ్డది. మాకొద్దని జనం మహజర్లు పంపుకున్నారు. కౌన్సిలర్లు రాజీనామాలిచ్చారు. ప్రభుత్వం జీతం మీద ఒక ఛైర్మన్ని కూర్చోబెట్టి పని నడిపించింది. కౌన్సిలర్లు లేని కౌన్సిలన్నమాట. పన్ను కట్టనన్నవాళ్ళను జైలుకు పంపారు. వాళ్ళలో ఒక ఆడమనిషి కూడా ఉంది.

అప్పుడు రంగంలోకి వచ్చాడు దుగ్గిరాల గోపాలకృష్ణయ్య. మనకు దూరపువాడు కాదు, పెనుగంచిప్రోలులో 1889లో పుట్టినవాడు. ఎడింబరోలో ఎం.ఏ. చేసి వచ్చి, కాషాయం కట్టి రుద్రాక్షలు వేసుకుని, రామదండు అని వెయ్యిమంది వాలంటీర్లను తయారు చేశాడు. 1921 మార్చి ఆఖరున బెజవాడలో అఖిల భారత కాంగ్రెసు కమిటీ సమావేశం జరిగింది. ఆ తర్వాత గాంధీగారు చీరాల వచ్చారు. పన్ను కట్టకుండా శాంతంగా శిక్షలు భరించడం ఒక దారి, మునిసిపల్ హద్దులు దాటి వెళ్ళిపోవడం ఇంకో దారి అన్నారు. ఊరు రెండో దారి పట్టింది. మండే ఎండల్లో, మంచాలూ మగ్గాలూ ముసలివాళ్ళూ బళ్ళకెక్కి, పదమూడు వేల మందికి పైగా హద్దు అవతల పాకలు వేసుకున్నారు. దానికి రామనగరమని పేరు పెట్టుకున్నారు. పదకొండు నెలలు ఉన్నారక్కడ. వానకు తడిశారు, జబ్బు పడ్డారు. ఉన్న ఇల్లు కళ్ళెదుటే పాడుబడుతుంటే చూశారు. ఆ ఏడాది చివర్లో బరంపురంలో దుగ్గిరాలను అరెస్టు చేసి ఏడాది శిక్ష వేశారు. నడిపించేవాడు లేడు, చేతిలో డబ్బు లేదు. 1922లో జనం తిరిగొచ్చి పన్ను కట్టారు.

ఇక్కడ నా పాత తగాదా ఒకటుంది. కార్యదర్శి గారు నవ్వుతున్నారు, ఆయనకు తెలుసు.

చీరాల-పేరాలను మన చరిత్రకారులు తెల్లదొరల మీద పోరాటమనే రాస్తూ వచ్చారు. నేనడిగేది మాస్టారి ప్రశ్నే. కింద సంతకం ఎవరిది? 1919లో సంతకం పాత ప్రభుత్వానిది, ఒప్పుకున్నాను. కానీ 1920 నవంబరులో మద్రాసు శాసనమండలికి ఎన్నికలు జరిగాయి. 98 ఎన్నిక స్థానాల్లో జస్టిస్ పార్టీకి 63 వచ్చాయి. స్థానిక స్వపరిపాలన మంత్రులకు బదలాయించిన శాఖ. డిసెంబరు నుంచి ఆ శాఖ మంత్రి మన తెలుగువాడే, పానగల్లు రాజా, పానుగంటి రామరాయణింగారు. 1921 జూలై నుంచి ఆయనే ముఖ్యమంత్రి. రామనగరంలో పాకలు లేచింది ఆయన హయాంలో. తెలుగునేల మీద ఎన్నికైన మంత్రి ఒకాయన, జనం వద్దన్న నిర్ణయాన్ని ఏం చేశాడన్నదానికి మొదటి పెద్ద ఉదాహరణ ఇదే అంటాను నేను.

దీనికి మిత్రులు ఒప్పుకోరు. అధికారాలు గవర్నరుకూ మంత్రులకూ పంచిన ఆ ద్వంద్వ ప్రభుత్వంలో మంత్రి బొమ్మ, ఖజానా తాళం గవర్నరు విల్లింగ్డన్ మనుషుల చేతిలో ఉండేదంటారు. నిజమే. కానీ అయ్యా, మునిసిపాలిటీ నడపాలంటే ఖజానా కావాలి. రద్దు చేయడానికి ఒక కాగితం చాలు. ఆ కాగితం కూడా సాగనివ్వకపోతే రాజీనామా ఉంది. ఒక సదస్సులో ఈ మాటంటే నాకు "విల్లింగ్డన్ వకీలు" అని బిరుదిచ్చారు. ఇంకో వర్గం వాళ్ళున్నారు. వాళ్ళకిది బ్రాహ్మణ నాయకుడికీ బ్రాహ్మణేతర మంత్రికీ మధ్య కులాల తగాదా. అందులో ఇసుమంత నిజం లేదనను. కానీ ముసలితల్లిని బండెక్కించుకుని పోయిన నేతగాడికి ఆ తగాదా ఎంత, పన్ను ఎంత?

మంత్రి ఎందుకు వెనక్కి తగ్గలేదు? ఆ రోజుల్లో ఓటు ఆస్తిని బట్టి వచ్చేది. మద్రాసు ప్రెసిడెన్సీలో నూటికి నలుగురికైనా లేదు. చీరాల నేతగాడి కోపం ఆయన్ని ఏ పెట్టెలోనూ ఓడించలేదు. ఇంకో కారణం చెబితే కాంగ్రెసు అభిమానులకు కష్టంగా ఉంటుంది. ఆ ఎన్నికలను కాంగ్రెసు బహిష్కరించింది. మండలిలో లేచి నిలబడి "ఏమయ్యా మంత్రీ" అని చీరాల తరఫున గట్టిగా నిలదీయాల్సినవాళ్ళు బయట కూర్చున్నారు. మంత్రికి భయపడాల్సిన ఓటూ లేదు, జవాబు చెప్పాల్సిన గట్టి ప్రతిపక్షమూ లేదు. ఊరొదిలి పోవడం తప్ప జనానికి మిగిలింది ఏమిటి? బహిష్కారం తప్పా ఒప్పా అన్నది పెద్ద చర్చ, కానీ ఆ తప్పొప్పుల లెక్కలో రామనగరం పాకలు కూడా వేయాలని నలభై ఏళ్ళుగా మొత్తుకుంటున్నాను.

గడియారం చూపిస్తున్నారు. సరే.

కృష్ణా-గోదావరి రీసెటిల్‌మెంటు గొడవ, రూపాయికి మూడణాల శిస్తు పెంపు, రైతు సంఘాలు, ఇవన్నీ ఎన్.జి. రంగా గారి పుస్తకాల్లో ఉన్నాయి. ఒక్క అడుగులో 1954కి వస్తాను. కొత్త ఆంధ్ర రాష్ట్రం, ప్రకాశం పంతులు ముఖ్యమంత్రి. మద్య నిషేధం మద్రాసు నుంచి వారసత్వంగా వచ్చింది. కల్లుగీత కార్మికుల పొట్ట కొట్టిందని ఆందోళనలు నడిచాయి. ప్రభుత్వమే వేసిన రామమూర్తి కమిటీ నిషేధం ఎత్తేయమంది. పంతులు గారు వినలేదు. నవంబరు 6న అవిశ్వాస తీర్మానం ఒక్క ఓటు తేడాతో నెగ్గింది, ప్రభుత్వం పడిపోయింది. పంతులు గారి పట్టు సరైనదా కాదా అన్నది వేరే సంగతి. ఆ నిర్ణయం తనదేనని అందరికీ తెలిసేలా నిలబడ్డారు, సభ తీర్పు చెప్పింది, దిగిపోయారు.

ఫ్రాన్సులో ఇలాంటిదే 2023లో జరిగింది. పదవీ విరమణ వయసు 62 నుంచి 64కి పెంచారు. వీధులు నిండిపోయాయి. వాళ్ళ రాజ్యాంగంలో 49వ అధికరణం మూడో క్లాజు ఒకటుంది. ఈ బిల్లుకు నా ప్రభుత్వం పూచీ అని ప్రధాని ప్రకటిస్తే, ఓటింగు లేకుండానే చట్టమవుతుంది. ఇష్టం లేకపోతే ప్రభుత్వాన్నే పడగొట్టాలి. అవిశ్వాసానికి తొమ్మిది ఓట్లు తక్కువై ప్రభుత్వం నిలిచింది. మొరటు పద్ధతే, కానీ కింద సంతకం ఎవరిదో ఎవరూ వెతుక్కోనక్కర్లేదు. బ్రిటన్‌లో థాచర్ తలపన్ను 1990లో అల్లర్లకు దారి తీసింది. ఆ నవంబరులో సొంత పార్టీయే ఆమెను దించింది, తర్వాత పన్నునూ మార్చింది. స్విట్జర్లాండులో సంతకాలు పెట్టేది జనమే. చట్టం వచ్చిన నూరు రోజుల్లో యాభై వేల సంతకాలు తెస్తే దేశమంతా ఓటు వేయాలి. బాగుందని మురిసిపోకండి. అలా దేశమంతా వేసిన ఓటులోనే 1959లో మగవాళ్ళలో ఎక్కువమంది ఆడవాళ్ళకు ఓటు వద్దన్నారు. 1971 దాకా పట్టింది ఒప్పుకోవడానికి.

మన దగ్గర ఇంకో ఆచారం పుట్టింది. తొలి సంతకం. 1994 డిసెంబరులో రామారావు గారు ప్రమాణ స్వీకార వేదిక మీదే మద్య నిషేధం ఫైలుపై సంతకం చేశారు. 2004 మేలో రాజశేఖరరెడ్డి గారు ఉచిత విద్యుత్తుపై చేశారు. 2024 జూన్‌లో చంద్రబాబు నాయుడు గారి తొలి సంతకాల్లో భూ హక్కుల చట్టం రద్దు ఒకటి. జనం మెచ్చే కాగితం మీద సంతకం స్టేడియంలో, కెమెరాల ముందు జరుగుతుంది. జనం తిట్టే కాగితం మీద? జీవో తీసి కింద చూడండి. గవర్నరు ఉత్తర్వు మేరకు, వారి పేరిట అని ఉంటుంది. దాని కింద ఒక కార్యదర్శి సంతకం. రాజ్యాంగం 166వ అధికరణం ప్రకారం అలాగే ఉండాలి, తప్పు పట్టను. విల్లింగ్డన్ పేరు చాటున పానగల్లు రాజా నిలబడ్డట్టు, ఈ పేరు చాటున ఎవరు నిలబడుతున్నారో మాత్రం అడుగుతాను.

1983లో ఉద్యోగుల విరమణ వయసు 58 నుంచి 55కి తగ్గించి, తర్వాత వెనక్కి తీసుకున్న సంగతి, 1984 జనవరిలో కరణం, మునసబు ఉద్యోగాలు పోయిన సంగతి ఈ సభలో చాలామంది ఇళ్ళలో జరిగినవే. 2000లో కరెంటు ఛార్జీలు పెరిగాయి. విద్యుత్ సంస్కరణల చట్టం కింద ఏర్పడ్డ నియంత్రణ మండలి టారిఫ్ ఉత్తర్వు ఇచ్చింది. సంతకం మండలిది. జనం మండలి ఆఫీసుకు పోలేదు, ఆగస్టు 28న అసెంబ్లీ వైపు నడిచారు. బషీర్‌బాగ్‌లో కాల్పులకు ముగ్గురు ప్రాణాలు పోయాయి. నాలుగేళ్ళకు ఎన్నికల్లో అధికార పార్టీకి 294లో 47 సీట్లే మిగిలాయి. ఎవరి చెయ్యి ఆడిందో జనం వాళ్ళ లెక్కలో తేల్చుకున్నారు.

చీటీ వచ్చింది, ఐదు నిమిషాలట. 2021 నవంబరులో ఢిల్లీలో మూడు వ్యవసాయ చట్టాల ఉపసంహరణ ప్రకటన, నాలుగు రోజులు తిరక్కుండా ఇక్కడ మూడు రాజధానుల చట్టం వెనక్కి. రెండింటి మీదా ఒక్కో ఉపన్యాసం కావాలి, వదిలేస్తున్నాను.

మన ఊరి సంగతి చెప్పకపోతే మాస్టారు ఒప్పుకోరు. 2022 జనవరి 26న కొత్త జిల్లాల ప్రాథమిక నోటిఫికేషన్ ఇచ్చారు. ముప్ఫై రోజులు అభ్యంతరాలకు గడువు. ఏప్రిల్ 4న పదమూడు జిల్లాలు ఇరవై ఆరయ్యాయి. లోక్‌సభ నియోజకవర్గం హద్దునే చాలావరకు జిల్లా హద్దు చేశారు. నూజివీడు ఏలూరు పార్లమెంటు కింద ఉంది కాబట్టి ఆగిరిపల్లి ఏలూరు జిల్లాకు వెళ్ళింది. బెజవాడ బస్సెక్కితే గంటలోపు దిగే ఊరికి కలెక్టరు ఏలూరులో. ముప్ఫై రోజుల గడువు ఇవ్వడం చీరాల మహజర్ల కాలం కంటే మేలే. కానీ ఆ అభ్యంతరాల్లో ఏది చదివారు, ఏది ఎందుకు తోసేశారు, ఎవరు తోసేశారు అని ఒక్కో అర్జీకి రాతపూర్వకంగా జవాబు వస్తే, అది ఎంత కటువుగా ఉన్నా మాస్టారు మెచ్చుకునేవారు.

ముగించమంటున్నారు. ఒక్క మనవి చేసి దిగుతాను. మాస్టారు రాసిన ప్రతి అర్జీకీ కార్బను పెట్టి నకలు తీసేవారు. అధికారి పేరు, హోదా, తేదీ పైన ఎర్ర సిరాతో రాసేవారు. ఆ కట్టలు ఆయన ఇంట్లో రేకుపెట్టెలో ఉన్నాయి, పోయిన వానాకాలం అడుగున చెద పట్టింది. వచ్చే ఏడాది ఈ సభకు శాలువాలు, పూలదండలు మానేసి ఆ ఖర్చుతో వాటిని స్కాన్ చేయించండి. నాకిచ్చిన కవరు ఇదిగో, ఈ బల్ల మీదే పెట్టి వెళ్తున్నాను.