సుప్రీంకోర్టు నిర్ణయాలూ దేశ రాజకీయాలూ



 చరిత్ర, రాజనీతి, న్యాయశాస్త్రం చదివేవారంతా ఒకచోట కూర్చుని తెలుగులో చర్చించుకోవడం అరుదుగా జరిగే పని. అలాంటి సదస్సుకు నేను అధ్యక్షత వహిస్తున్నాను.

కోర్టుకు రాజకీయం అంటదని పాఠ్యపుస్తకాలు చెబుతాయి. తీర్పు నచ్చని రోజున కోర్టంతా రాజకీయమేనని జనం అంటారు. మన సుప్రీంకోర్టు చరిత్రను దగ్గరగా చదివితే ఈ రెండు మాటలూ నిలవవు. న్యాయమూర్తికీ సమాజం గురించి ఒక దృక్పథం ఉంటుంది. ఆస్తి హక్కు గొప్పదా, భూసంస్కరణ గొప్పదా అన్న ప్రశ్నకు జవాబు చట్టం పుస్తకంలో ఒక్కదానిలోనే దొరకదు. అయితే తీర్పులో న్యాయమూర్తి కారణాలు రాయాలి. రాసిన కారణాన్ని మనం చదవవచ్చు, ప్రశ్నించవచ్చు, రేపటి ధర్మాసనం కొట్టివేయవచ్చు. కారణాలు రాయనక్కర్లేని నిర్ణయాలు వేరే ఉన్నాయి. ఎవరిని న్యాయమూర్తిగా నియమించాలి, ఏ కేసు ఏ ధర్మాసనానికి ఇవ్వాలి, ఎప్పుడు విచారించాలి, పదవీ విరమణ చేసినవారికి ఏ పదవి ఇవ్వాలి అన్నవి అవి. రాజకీయం ఎక్కువగా పనిచేసేది వాటిలోనే. ఈరోజు నేను మీ ముందు పెట్టదలచిన వాదన ఇదే.

మన ప్రాంతపు మనిషితోనే మొదలుపెడతాను. రాజమండ్రిలో పుట్టిన కోకా సుబ్బారావు 1954లో గుంటూరులో ఏర్పడిన ఆంధ్ర హైకోర్టుకు తొలి ప్రధాన న్యాయమూర్తి. 1958లో సుప్రీంకోర్టుకు వెళ్లారు. పోలీసులు రాత్రివేళ ఇంటికొచ్చి తలుపు తట్టే నిఘాపై 1962లో ఖరక్ సింగ్ కేసు వచ్చింది. మెజారిటీ అంగీకరించిన దానికంటే ఎంతో ముందుకు వెళ్లి, వ్యక్తి ఏకాంతం స్వేచ్ఛలో భాగమని ఆయన తన అసమ్మతి తీర్పులో రాశారు. 55 ఏళ్ల తర్వాత, 2017 ఆగస్టు 24న, పుట్టస్వామి కేసులో తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం ఆ అభిప్రాయాన్నే సరైనదిగా స్వీకరించింది.

1967 ఫిబ్రవరి 27న ఆయన నాయకత్వంలోని ధర్మాసనం గోలక్‌నాథ్ కేసులో ఆరుగురి మెజారిటీతో, ఐదుగురు విభేదించగా, ప్రాథమిక హక్కులను పార్లమెంటు సవరించజాలదని తీర్పు చెప్పింది. ఆ నెలలోనే నాలుగో సార్వత్రిక ఎన్నికలు జరిగాయి, కాంగ్రెస్ బలం తగ్గింది. ఏప్రిల్‌లో సుబ్బారావు ప్రధాన న్యాయమూర్తి పదవికి రాజీనామా చేసి, ప్రతిపక్షాల అభ్యర్థిగా రాష్ట్రపతి ఎన్నికల్లో జాకిర్ హుస్సేన్‌పై పోటీచేసి ఓడిపోయారు. గోలక్‌నాథ్ తీర్పులో ఒక్క అక్షరం మారలేదు. కానీ దాన్ని చదివే కన్ను మారింది. హక్కుల కోసం రాసిన తీర్పును రాజకీయ తీర్పు అనడానికి ప్రత్యర్థులకు సులువైంది. సుబ్బారావు నిజాయితీ మీద నాకు సందేహం లేదు. అయినా ఆయన నిర్ణయం సరైనది కాదని గౌరవంతోనే చెబుతున్నాను. న్యాయమూర్తి న్యాయపీఠం దిగిన వెంటనే వేసే అడుగు, ఆయన అంతకుముందు రాసిన ప్రతి వాక్యానికీ కొత్త అర్థం తెచ్చిపెడుతుంది.

తర్వాతి ఆరేళ్లు ప్రభుత్వానికీ కోర్టుకూ మధ్య బహిరంగ పోరాటం. 1970 ఫిబ్రవరిలో బ్యాంకుల జాతీయకరణ చట్టాన్ని సుప్రీంకోర్టు కొట్టివేసింది. పదిమంది ఒకవైపు, జస్టిస్ ఎ.ఎన్. రే ఒక్కరే మరోవైపు. అదే ఏడాది డిసెంబరులో రాజభరణాల కేసులోనూ ప్రభుత్వం ఓడింది, అక్కడా రే ప్రభుత్వం వైపే నిలిచారు. 1971 ఎన్నికల్లో ఇందిరాగాంధీ పెద్ద మెజారిటీతో గెలిచాక, గోలక్‌నాథ్ తీర్పును దాటేలా రాజ్యాంగ సవరణలు జరిగాయి. గోలక్‌నాథ్ ధర్మాసనంలో 11 మంది ఉన్నారు కనుక, దాన్ని పునఃపరిశీలించడానికి 13 మంది కూర్చోవలసి వచ్చింది. అదే కేశవానంద భారతి కేసు. 68 రోజుల వాదనల తర్వాత 1973 ఏప్రిల్ 24న తీర్పు వచ్చింది. పార్లమెంటు రాజ్యాంగంలో ఏ భాగాన్నైనా సవరించవచ్చు, కానీ మౌలిక స్వరూపాన్ని చెరపకూడదు అని ఏడుగురు అన్నారు, ఆరుగురు విభేదించారు. అంతకుముందు ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ప్రధాన న్యాయమూర్తిగా పనిచేసిన జస్టిస్ పి. జగన్మోహన్ రెడ్డి ఆ ఏడుగురిలో ఒకరు. దేశ రాజ్యాంగ భవితవ్యం ఒక్క ఓటు తేడాతో తేలిందంటే, ఆ కుర్చీల్లో ఎవరు కూర్చుంటారన్నది ఎంత పెద్ద ప్రశ్నో ఆలోచించండి.

ఆ ప్రశ్నకు ప్రభుత్వం వెంటనే జవాబిచ్చింది. తీర్పు వచ్చిన మర్నాడే, సీనియారిటీలో ముందున్న జస్టిస్ షెలత్, జస్టిస్ హెగ్డే, జస్టిస్ గ్రోవర్‌లను పక్కనపెట్టి ఎ.ఎన్. రేను ప్రధాన న్యాయమూర్తిగా ప్రకటించింది. ఆ ముగ్గురూ మౌలిక స్వరూపం వైపు నిలిచినవారు. ముగ్గురూ రాజీనామా చేశారు. మంత్రి మోహన్ కుమారమంగళం లోక్‌సభలో దీన్ని దాపరికం లేకుండా సమర్థించారు. న్యాయమూర్తి సామాజిక దృక్పథాన్ని చూసే హక్కు ప్రభుత్వానికి ఉందన్నారు. ఆ వాదనను తేలిగ్గా కొట్టిపారేయలేం. దృక్పథం నిజంగానే ముఖ్యం. కానీ ఆ దృక్పథాన్ని కొలిచే సాధనం మొన్నటి కేసులో ఎటు ఓటేశారన్నదే అయితే, మిగిలిన న్యాయమూర్తులకు వెళ్లే సందేశం ఒక్కటే. ప్రభుత్వాన్ని ఓడిస్తే మీ వంతు రాదు.

ఆ సందేశం ఎంత లోతుకు వెళ్లిందో మూడేళ్లలో తెలిసింది. ఎమర్జెన్సీలో మీసా (అంతర్గత భద్రత పరిరక్షణ చట్టం) కింద నిర్బంధించినవారు కోర్టుకెళ్లి విడుదల కోరవచ్చా అన్న ప్రశ్నపై తొమ్మిది హైకోర్టులు పౌరుల పక్షాన నిలిచాయి. సుప్రీంకోర్టులో వాదనలప్పుడు జస్టిస్ హెచ్.ఆర్. ఖన్నా అటార్నీ జనరల్ నీరేన్ డేకు ఒక ప్రశ్న వేశారు. ఒక పోలీసు అధికారి అక్రమంగా ఒకరి ప్రాణం తీస్తే ఏమిటి దారి? ఎమర్జెన్సీ ఉన్నంతకాలం దారి లేదన్నది జవాబు. 1976 ఏప్రిల్ 28న నలుగురు న్యాయమూర్తులు ప్రభుత్వ వాదననే ఆమోదించారు. ఖన్నా ఒక్కరే కాదన్నారు. 1977 జనవరిలో సీనియారిటీ ప్రకారం ప్రధాన న్యాయమూర్తి కావలసింది ఆయనే. ప్రభుత్వం జస్టిస్ బేగ్‌ను నియమించింది. ఖన్నా రాజీనామా చేశారు.

హైకోర్టులనూ వదల్లేదు. 1976లో 16 మంది హైకోర్టు న్యాయమూర్తులను బదిలీ చేశారు. వారిలో గుజరాత్ హైకోర్టు న్యాయమూర్తి సంకల్‌చంద్ సేఠ్‌ను, ఆయన సమ్మతి లేకుండా, మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టుకు పంపారు. ఆయన ఆ ఉత్తర్వును కోర్టులోనే సవాలు చేశారు. బదిలీకి ప్రజాహితం ఉండాలని, ప్రధాన న్యాయమూర్తితో సంప్రదింపు నామమాత్రంగా జరగకూడదని 1977లో సుప్రీంకోర్టు చెప్పింది. బదిలీ ఉత్తర్వు చూడడానికి రెండు వాక్యాల కాగితం. అది చేయగల పనిని ఒక పెద్ద తీర్పు కూడా చేయలేదు.

ప్రభుత్వం బలంగా ఉంటే కోర్టు వెనక్కి తగ్గుతుంది, సంకీర్ణాలు వస్తే కోర్టు ముందుకొస్తుంది అని రాజనీతి విద్యార్థులు ఒక సూత్రం చెబుతుంటారు. అందులో కొంత నిజం ఉంది. 1993లో తొమ్మిదిమంది ధర్మాసనం నియామకాల్లో చివరి మాటను సీనియర్ న్యాయమూర్తుల బృందమైన కొలీజియం చేతికి తెచ్చింది. 1994 మార్చిలో బొమ్మై కేసులో రాష్ట్రపతి పాలనపై న్యాయసమీక్ష ఉంటుందని తేల్చింది. ఆ తీర్పులో తెలుగువాడైన జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి రాసిన అభిప్రాయానికి పెద్ద చోటుంది. ఇవి రెండూ పార్లమెంటులో ఏ పార్టీకీ తిరుగులేని బలం లేని కాలపు తీర్పులే. కానీ కేశవానంద తీర్పు వచ్చింది ఇందిరాగాంధీ బలం ఉచ్చస్థితిలో ఉన్నప్పుడు. జాతీయ న్యాయ నియామకాల కమిషన్‌ను 2015లో కొట్టివేసిందీ, ఎన్నికల బాండ్లు చెల్లవని 2024 ఫిబ్రవరి 15న ఏకగ్రీవంగా చెప్పిందీ బలమైన ప్రభుత్వాల కాలంలోనే. కాబట్టి ఆ సూత్రాన్ని అన్ని కాలాలకూ వర్తింపజేయవద్దని పరిశోధక మిత్రులకు మనవి.

కొలీజియం వచ్చాక రాజకీయం తలుపు బయటే ఆగిందా? ఆగలేదు. 2016లో ఉత్తరాఖండ్‌లో రాష్ట్రపతి పాలనను రద్దుచేసిన ధర్మాసనానికి నాయకత్వం వహించిన జస్టిస్ కె.ఎం. జోసెఫ్ పేరును 2018 జనవరిలో కొలీజియం సుప్రీంకోర్టుకు సిఫారసు చేసింది. సీనియారిటీ, ప్రాంతీయ ప్రాతినిధ్యం కారణాలుగా చూపి ప్రభుత్వం దాన్ని తిప్పిపంపింది. చివరికి ఆగస్టులో నియమించింది. ఈలోగా ఆయన సీనియారిటీ తగ్గింది. అటు కొలీజియం పనితీరు కూడా గోప్యంగానే సాగింది. ఆ గోప్యతను 2015 తీర్పులో ఏకైక అసమ్మతి రాసి ప్రశ్నించినవారు కృష్ణా జిల్లా నుంచి వెళ్లిన జస్టిస్ జాస్తి చలమేశ్వర్. 2018 జనవరి 12న ఆయన ఇంటి ఆవరణలోనే నలుగురు సీనియర్ న్యాయమూర్తులు విలేకరుల ముందుకొచ్చి, ముఖ్యమైన కేసులు కొన్ని ధర్మాసనాలకే వెళుతున్నాయని దేశానికి చెప్పారు. కేసుల కేటాయింపు పట్టికను సూచించే రోస్టర్ అన్న మాట ఆరోజు నుంచే సామాన్యులకు తెలిసింది.

కేసు ఎవరికి ఇవ్వాలన్న దానితో సమానంగా, ఎప్పుడు వినాలన్నదీ నిర్ణయమే. పెద్దనోట్ల రద్దు 2016 నవంబరులో జరిగితే తీర్పు 2023 జనవరి 2న వచ్చింది. 370 అధికరణంపై 2019లో వేసిన పిటిషన్లు 2023 డిసెంబరులో తేలాయి. ఎన్నికల బాండ్ల కేసు తేలేలోపు 2019 లోక్‌సభ ఎన్నికలే జరిగిపోయాయి. ఈ ఆలస్యాలన్నిటి వెనుకా దురుద్దేశం ఉందని నేను అనను. ఆలస్యానికి కారణం ఎక్కడా రాసి ఉండదని మాత్రం అంటాను. తీర్పు వచ్చేసరికి మార్చడానికి ఏమీ మిగలకపోతే, గెలిచినవారు ఎవరో కోర్టు చెప్పకుండానే తేలిపోతుంది.

ఇక విరమణ తర్వాతి పదవులు. మాజీ ప్రధాన న్యాయమూర్తి రంగనాథ్ మిశ్రా 1998లో కాంగ్రెస్ తరఫున రాజ్యసభకు వెళ్లారు. రంజన్ గొగోయ్‌ని విరమణ చేసిన నాలుగు నెలలకు, 2020 మార్చిలో, రాజ్యసభకు నామినేట్ చేశారు. 2023 జనవరి 4న విరమణ చేసిన జస్టిస్ ఎస్. అబ్దుల్ నజీర్ ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ గవర్నరు అయ్యారు. వీరిలో ఎవరి తీర్పుకూ నేను ఉద్దేశం అంటగట్టడం లేదు, అంటగట్టే ఆధారం ఎవరి దగ్గరా లేదు. పార్టీలు మారినా పద్ధతి మారలేదన్నదే నా ఆందోళన. విరమణకూ ప్రభుత్వ పదవికీ మధ్య కనీసం రెండేళ్ల విరామం ఉండాలని చట్టం చేయాలి. పదవి ఆశ లేదని న్యాయమూర్తికి తెలిస్తే సరిపోదు, కక్షిదారుకూ తెలియాలి.

మరి ఇంత రాజకీయం మధ్య న్యాయం బతికి బట్టకట్టింది దేనివల్ల? రాసిన కారణాల వల్ల. ఖన్నా పదవి పోయింది, ఆయన రాసిన తీర్పు పోలేదు. 1978లో వచ్చిన 44వ సవరణ, ఎమర్జెన్సీలోనూ జీవన హక్కును నిలిపివేయకూడదని రాజ్యాంగంలో చేర్చింది. సుబ్బారావు అసమ్మతిని నిలబెట్టిన 2017 తీర్పే 1976 నాటి మెజారిటీ తీర్పును కూడా కొట్టివేసింది. నాటి మెజారిటీలో ఒకరైన జస్టిస్ వై.వి. చంద్రచూడ్ కుమారుడే ఆ మాట రాశారు. ఓడిన న్యాయమూర్తి భవిష్యత్తు కోసం రాస్తాడు. ఆ భవిష్యత్తు చదవాలి కదా.

అందుకే ఈ సదస్సుకు నా విన్నపాలు రెండు. మన విశ్వవిద్యాలయాల్లో తీర్పుల మీద పరిశోధన జరుగుతోంది. నియామకాలు, బదిలీలు, కేసుల కేటాయింపు, విచారణ తేదీల మీద జరగడం లేదు. రెండు తెలుగు రాష్ట్రాల హైకోర్టుల నుంచైనా ఆ పని మొదలుపెట్టండి. రెండోది, సుబ్బారావు, జగన్మోహన్ రెడ్డి, జీవన్ రెడ్డి, చలమేశ్వర్ రాసిన ముఖ్యమైన తీర్పులను వివరణలతో తెలుగులోకి తీసుకురండి. తీర్పు తనకు అర్థం కాకపోతే పౌరుడు గెలిచిన పార్టీ మాటనో, ఓడిన పార్టీ మాటనో నమ్మడం తప్ప ఏం చేయగలడు?

న్యాయమూర్తుల నుంచి రాజకీయ దృక్పథాన్ని తుడిచేయమని ఎవరూ అడగలేరు. ప్రతి నిర్ణయానికీ కారణం రాయమని అడగగలం. అలా అడగడం కోర్టును అగౌరవపరచడం కాదు, దాన్ని కాపాడుకోవడం. ఆ పనికి ఈ రెండు రోజుల చర్చలు తోడ్పడాలని కోరుతున్నాను.