ప్రశ్న అడిగే ముఖం: యోర్న్ డోన్నర్ తెర జీవితం



ఫిలిం సొసైటీ పెద్దాయన పేరిట జరిగే ఈ ఉపన్యాసానికి ఫిన్లాండు మనిషిని ఎంచుకున్నానేమిటని కొందరు అడిగారు. ఆయనకు డాక్యుమెంటరీలంటే ప్రాణం. యోర్న్ డోన్నర్ కథ ఆయనకు నచ్చేదే.

దర్శకుడు, నిర్మాత, నవలాకారుడు, పార్లమెంటు సభ్యుడు... డోన్నర్ చేసిన పనులన్నీ చెబుతూ కూర్చుంటే నాకిచ్చిన గంటా చాలదు. కెమెరా వెనక ఉండాల్సినవాడు ముందుకొచ్చి నిలబడ్డ సందర్భాల గురించే మాట్లాడతాను.

1933లో హెల్సింకిలో పుట్టాడు. ఉన్నవాళ్ల ఇల్లు, ఇంటి భాష స్వీడిష్. ఆ దేశంలో అది కొద్దిమంది భాషే. తండ్రి కాయ్ డోన్నర్ సైబీరియాలో తిరిగి సమోయెడ్ జాతుల భాషలను నమోదు చేసిన పండితుడు; పిల్లవాడికి రెండేళ్లప్పుడే పోయాడు. తండ్రి పరాయి నేల మీద చేసిన పనిని కొడుకు సొంత దేశంలో చేశాడనిపిస్తుంది నాకు.

1963లో తీసిన మొదటి కథాచిత్రానికి వెనిస్‌లో బహుమతి వచ్చింది. అరవైల చివర్లో తన సినిమాల్లో తనే వేషం కట్టాడు. గొప్ప నటుడని నేననను. కెమెరా ముందు బెరుకు మాత్రం పోయింది.

అది 1971లో అక్కరకొచ్చింది. మరో ఇద్దరితో కలిసి 'పెర్కెలె!' అనే డాక్యుమెంటరీ తీశాడు. ఆ పేరే ఒక తిట్టు! పల్లెలు ఖాళీ అవుతూ, జనం పని వెతుక్కుంటూ స్వీడన్‌కు వలసపోతున్న కాలమది. డోన్నర్ దేశం చుట్టబెడుతూ ఎదురైనవాళ్లనల్లా పలకరించాడు. మామూలుగా ఇలాంటి చిత్రాల్లో ప్రశ్న వినబడుతుంది, అడిగినవాడు కనబడడు. ఇక్కడ అడిగేవాడూ తెర మీదే ఉన్నాడు. కలవారి బిడ్డ కష్టజీవిని ప్రశ్నిస్తుంటే, ఆ ఇద్దరి మధ్య ఎంత దూరముందో ప్రేక్షకుడికి ఎవరూ చెప్పక్కర్లేదు. ఆ చిత్రానికి బలం అదేనని నా అభిప్రాయం.

స్వీడన్ దర్శకుడు ఇంగ్మర్ బెర్గ్‌మన్ దగ్గర మరో డోన్నర్ కనిపిస్తాడు. 1962లోనే బెర్గ్‌మన్ సినిమాల మీద పుస్తకం రాసినవాడు, 1975లో టెలివిజన్ కోసం ఆయన్ను కూర్చోబెట్టి మాట్లాడించాడు. తర్వాత స్వీడిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ అధిపతిగా బెర్గ్‌మన్ సినిమా 'ఫ్యానీ అండ్ అలెగ్జాండర్' నిర్మాణానికి అండగా నిలిచాడు. 1984 ఏప్రిల్‌లో ఆ సినిమాకు 4 ఆస్కార్లు వచ్చాయి. బెర్గ్‌మన్ ఆ సభకు పోలేదు. విదేశీ భాషా చిత్రం బహుమతిని ఆయన భార్య ఇంగ్రిడ్, డోన్నర్ వేదికెక్కి అందుకున్నారు. లోకంలో చాలామంది డోన్నర్‌ను చూసింది ఆ కాసేపే. 1998లో మళ్లీ బెర్గ్‌మన్ ఎదుట కూర్చున్నాడు, ఈసారి ఇద్దరూ ముసలివాళ్లు.

2017లో, ఎనభై నాలుగేళ్ల వయసులో 'పెర్కెలె 2' తీశాడు. 46 ఏళ్ల తర్వాత అదే దేశాన్ని చూడబోయాడు. 2020 జనవరి 30న పోయాడు. దొరికితే మొదటి 'పెర్కెలె!' చూడండి. జవాబు చెప్పేవాళ్లను ఎటూ చూస్తారు, వినేటప్పుడు డోన్నర్ ముఖాన్ని కూడా ఓ కంట కనిపెట్టండి.