బాలికా వసతిగృహములు – మనస్స్వాస్థ్యము

 

బాలికలకు వసతిగృహము నిర్మింపవలెనని మన సంఘమువా రభిలషించుట మాకెంతయు సంతోషకరము. దాతలు గోడల నెత్తింపగలరు. ఆ గోడల నడుమ వసింపబోవు పసిమనసులనుగూర్చి రెండుమాటలు మనవిచేయుటకై మేము మీయెదుట నిలిచితిమి.

ఆఫ్రికాఖండమున విక్టోరియా సరస్సునకు పశ్చిమముగా, బుకోబా పట్టణప్రాంతమున, కషాషా యను గ్రామము గలదు. అచ్చట క్రైస్తవ మిషనువారి బాలికా పాఠశాల యొకటి యుండెను. బాలిక లందే వసించుచు చదువుకొనుచుండిరి. టాంగన్యికా దేశము స్వతంత్రమై రెండు మాసములైన నిండకమున్నే, 1962 జనవరి 30వ తేదీని మువ్వురు బాలికలు నిష్కారణముగా నవ్వసాగిరి. ఆ నవ్వు ఏడుపుగా మారును. ఏడుపు మరల నవ్వగును. కొందరికి కొన్ని గంటలలో శాంతించెను. కొందరిని 16 దినములవరకు వేధించెను. 159 మందిలో 95 మంది దీని పాలైరి. మార్చి 18వ తేదీని బడి మూయబడెను. బాలిక లిండ్లకు బోవ, న్షంబా గ్రామమున 217 మందికి ప్రాకెను. మే 21న బడి తెరచిరి. మరల వ్యాపింపగా జూన్ మాసాంతమున మూసిరి.

వైద్యులు రక్తమును, ఆహారమును పరీక్షించిరి. క్రిమిగాని విషముగాని కానరాలేదు. ఉపాధ్యాయులలో నొక్కరికిని సోకలేదు. ఇంటికి దూరమైన యౌవనారంభమున, పెద్దల యాజ్ఞలకును తమ మనసునకును నడుమ నలిగిన బాలికల యుద్వేగమే యిట్లు వెడలెనని తరువాతి పండితు లనేకులు తలంచిరి.

మెక్సికో దేశమున చాల్కో పట్టణమునందలి యొక బాలికా విద్యాలయమునను 2007వ సంవత్సర ప్రాంతమున సుమారు 600 మంది కాళ్లనొప్పులతో సరిగా నడువలేకపోయిరి. అందును శరీరవ్యాధి కానరాలేదు.

ఇట్టివారిని నటించుచున్నారని దండించుటయు, దయ్యము పట్టినదని మంత్రగాని పిలిపించుటయు రెండును దోషములే. ముందు వైద్యునిచే పరీక్ష చేయింపవలెను; పిమ్మట బాలిక మాట వినవలెను. నోరెత్తని పిల్లయే యుత్తమురాలని మన యిండ్లలో వాడుక. నిశ్శబ్దముగా నున్న వసతిగృహమును చూచి మేమును క్రమశిక్షణ యని మెచ్చినవారమే. ఆ నిశ్శబ్దములో భయమెంతయో మే మడుగలేదు.

కావున మా విన్నపము: బాలికల యుత్తరములను విప్పి చదువకుడు. తల్లిదండ్రుల రాకకు దినములు నియమింపుడు. సాయంకాల మాటలకు విడువుడు. పర్యవేక్షకురాలికి లోబడని యొక విజ్ఞురాలిని, బాలికలు నిర్భయముగా మనసు విప్పి చెప్పుకొనుటకై, ప్రత్యేకముగా నియమింపుడు. ఆమె వేతనమునకు వలయు ధనమును కట్టడపు నిధితోపాటే యీ సభలో సమకూర్చి, దాతలు మన బిడ్డలను కాపాడుదురు గాక!