పెదవుల లెక్క



మన చెన్నేకొత్తపల్లిలో హైవే ఎక్కి ఉత్తరంగా పోతే అనంతపురం. ఇంజినీరు కావాలని నెల్లూరు కుర్రవాడొకడు అక్కడి కాలేజీలో చేరాడు. టైఫాయిడ్ వచ్చి చదువు ఆగిపోయింది. ఆ కుర్రవాడే ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం. 1989 డిసెంబరులో విడుదలైన ‘మైనే ప్యార్ కియా’లో సల్మాన్ ఖాన్‌కు పాడి, ‘దిల్ దీవానా’ పాటకు ఫిలింఫేర్ అందుకున్నారు. ఆ సినిమా తెలుగులో ‘ప్రేమ పావురాలు’ అయింది, తమిళంలో ‘కాదల్ ఒరు కవిదై’ అయింది. తెలుగులోనూ పాటలు ఆయనవే. డబ్బింగ్ సినిమాకు అది అరుదైన అదృష్టం.

మాటల రచయితకు ఆ అదృష్టం లేదు. తెర మీద హిందీలో కదిలే పెదవులకు తన భాష మాటను అతికించాలి.

సినిమా పేరే చూడండి. ‘మైనే ప్యార్ కియా’ అంటే పెదవులు రెండుసార్లు కలుస్తాయి, ‘మ’ దగ్గర ఒకసారి, ‘ప’ దగ్గర ఒకసారి. ‘నేను ప్రేమించా’ అన్నా రెండుసార్లే, కాకపోతే మొదటి మాటకు నోరు తెరిచే ఉంటుంది. తమిళంలో ‘నాన్ కాదలిత్తేన్’ అంటే ఒక్కసారీ కలవవు! క్లోజప్‌లో హీరో పెదవులు మూస్తుంటే ‘కాదల్’ను ఎక్కడ ఇరికించాలి? వరస తిప్పాలి, మాట మార్చాలి, లేదా ముఖం అటు తిరిగే షాట్ కోసం కాచుకోవాలి. అయినా ఆడుతుందన్న భరోసా లేదు. ‘మొఘల్-ఎ-ఆజమ్’ 1961లో ‘అక్బర్’గా తమిళంలోకి వెళ్లి దెబ్బతింది, ఆ దెబ్బకు ఇంగ్లిష్ డబ్బింగ్ ఆలోచనే మానేశారు దర్శకుడు కె. ఆసిఫ్.

డబ్బింగ్‌కు రాయడం చిల్లర పని అనుకునేవాళ్లకు ఒక పేరు చెప్పాలి: శ్రీశ్రీ. తెలుగులో తొలి డబ్బింగ్ చిత్రం ‘ఆహుతి’ 1950లో వచ్చింది, హిందీ ‘నీరా ఔర్ నందా’ నుంచి. మాటలూ పాటలూ ఆ మహాకవివే.

ఇంతకీ మన రాయలసీమలో ‘ప్రేమించా’ అంటామా? ‘నేను ప్రేమించినా’ అంటాం. పెదవుల లెక్క చెడదు, అవే రెండు కలయికలు. ఒక అక్షరం ఎక్కువవుతుంది, అంతే. చిక్కల్లా కోస్తా ప్రేక్షకుడితోనే. ‘ప్రేమించినా...’ అని వినగానే ‘అయితే ఏమైంది, ఆ పిల్ల ఒప్పుకోలేదా?’ అని మిగతా వాక్యం కోసం ఎదురుచూస్తూ కూర్చుంటాడు.