పట్టుబడిన ఇసుక బండి
(పఠనమందిరమున చేసిన యుపన్యాసము)



మన పట్టణములలో ఏ పోలీసు ఠాణా ఆవరణమును జూచినను, ట్రాక్టర్లు, టిప్పర్లు తుప్పుపట్టి, చక్రములు నేలలో గ్రుంగి, ట్రాలీలో మిగిలిన యిసుకపై గడ్డి మొలచి కనబడును. అవి నేరము చేసిన బండ్లని జనులు తలంతురు. నేరము రుజువైనదా, ఏ న్యాయస్థానమైనను తీర్పు చెప్పినదా యని యడుగువారు మాత్రము తక్కువ. ఆ ప్రశ్నను నేడు మేము మీ యెదుట నుంచుచున్నాము.

ముందుగా నొక మాట. ఇసుక దొంగతనమును మేము చిన్న తప్పుగా నెంచువారము కాము. ఏటిలో నిసుక యున్నంతవఱకే గట్టుమీది బావులలో నీరుండును. వరదనీటిని పీల్చి నిలిపి, వేసవిలో మెల్లగా విడుచునది యీ యిసుకయే. దానిని రాతివఱకు తోడివేసినచో బావు లెండును, వంతెన స్తంభముల మొదళ్లు బయటపడును, గట్లు కోసికొనిపోవును. కనుకనే 2012లో దీపక్ కుమార్ వ్యాజ్యమునందు సుప్రీముకోర్టు, ఐదు హెక్టారులకు లోబడిన త్రవ్వకములకు సయితము పర్యావరణానుమతి యుండవలెనని శాసించినది. 2014లో సంజయ్ వ్యాజ్యమున, అనుమతిలేక నదీగర్భమునుండి యిసుక గొనిపోవువానిని గనుల చట్టముతో బాటు దొంగతనపు సెక్షను క్రిందను విచారింపవచ్చునని తీర్పు చెప్పినది. ఈ తీర్పులు మాకు సమ్మతములే.

ఇక బండి సంగతి. 1957 నాటి గనులు, ఖనిజముల చట్టము 21వ సెక్షను 4వ ఉపసెక్షను ప్రకారము, అక్రమముగా ఖనిజమును తరలించు వాహనమును, అందులకై ప్రత్యేకముగా నధికారమొందిన యుద్యోగి పట్టుకొనవచ్చును. దాని ప్రక్కనే 4-ఎ ఉపసెక్షను గలదు. పట్టుకొన్న వాహనమును ప్రభుత్వపరము చేయుట, ఆ నేరమును విచారణకు గైకొన నర్హత గల న్యాయస్థానపు టుత్తరువువలననే జరుగవలెను. పట్టుకొనుట వేఱు, ప్రభుత్వపరము చేయుట వేఱు. మొదటిది సాక్ష్యము నిలుపుటకు, రెండవది శిక్ష. బండి యేడాదిపాటు ఎండకు వానకు నిలిచినచో ఈ భేదము కాగితముమీదనే మిగులును. అప్పిచ్చిన ఫైనాన్సు కంపెనీ నెలవాయిదా నడుగుట మాత్రము మానదు.

ఈ దుఃస్థితిని సుప్రీముకోర్టు 2002లోనే, సుందర్‌భాయి అంబాలాల్ దేశాయి వ్యాజ్యమున గుర్తించినది. వాహనములను ఠాణాలలో దీర్ఘకాల ముంచుట నిష్ప్రయోజనమనియు, తగిన పూచీకత్తు గైకొని, కోరినపుడు తిరిగి తెచ్చు షరతుపై మేజిస్ట్రేటు వెంటనే తగు నుత్తరువు లీయవలెననియు చెప్పినది. ఛాయాచిత్రములును పంచనామాయు సాక్ష్యమునకు చాలును. పూర్వపు క్రిమినల్ ప్రొసీజరు కోడులోని 451, 457 సెక్షనులు, 2024 జూలై 1 నుండి భారతీయ నాగరిక సురక్షా సంహితలో 497, 503 సెక్షనులైనవి. వీనిక్రింద అర్జీ పెట్టుకొనవచ్చును. బండిని కోర్టునకు తెలుపకయు, యజమానికి విడువకయు ఉద్యోగులు బిగబట్టినచో, చట్టాధికారము లేక యెవరి యాస్తిని హరింపరాదను రాజ్యాంగపు 300-ఎ అధికరణమును చూపి, 226వ అధికరణము క్రింద హైకోర్టునకు పోవచ్చును.

ఇందొక చిక్కు గలదు. 23-ఎ సెక్షను క్రింద సొమ్ము కట్టి రాజీపడినవాడు పీడ విరగడయైనదని తలచును. గనుల చట్టపు నేరముమట్టుకు అది నిజమే. కాని 2020లో జయంత్ వ్యాజ్యమున సుప్రీముకోర్టు, ఆ రాజీ దొంగతనపు కేసునకు అడ్డురాదని తేల్చినది. రశీదుపై సంతకము చేయుటకు ముందే న్యాయవాదిని సంప్రతింపుడు.

మా వృత్తిలోనివారితో నొక మాట చెప్పక తప్పదు. ఒకే టిప్పరు మాటిమాటికి పట్టుబడి, ప్రతిమాఱును తేలికపాటి పూచీపై వెడలివచ్చుచుండగా, దానిని మన వాదపటిమగా చెప్పుకొనుట తగదు. అట్టిచోట మేజిస్ట్రేటు పెద్దమొత్తమునకు పూచీ యడిగినచో మేము తప్పుపట్టము. ఉద్యోగులతోను నొక మాట. 4వ ఉపసెక్షను వాహనమును మాత్రమే చెప్పలేదు. పనిముట్టును, యంత్రమును గూడ చెప్పినది. ఇల్లు కట్టుకొనుటకు ఒక ట్రాలీ తోలుకొను రైతు ట్రాక్టరు ఠాణాలోను, రాత్రియంతయు నదిని త్రవ్విన ప్రొక్లెయిను రేవులోను ఉండుట యే చట్టమునకు చెల్లును? ఆంధ్రప్రదేశమున 2024 జూలైలో ఉచిత యిసుక విధానము వచ్చినది. ఉచితమనగా పొరుగు రాష్ట్రమునకు తరలించి యమ్ముకొనుట కాదు.

బండి పట్టుబడినవారు మొదట పంచనామా నకలు నడుగవలెను. పట్టుకొన్న యుద్యోగి హోదాను, దినమును, వేళను వ్రాసికొనవలెను. ఇసుక రశీదుమీది బండి నెంబరు, పరిమాణము, కాలము సరిపోయినవో లేదో చూచుకొనవలెను. వీనిని, రిజిస్ట్రేషను పత్రమును, బీమాను వెంట గొని ఆదివారము ప్రొద్దున నీ మందిరమునకు వచ్చినచో, మేమును మా మిత్రులును అర్జీ వ్రాసియిత్తుము. అందులకు రుసుము లేదు.