నాలుకకు చట్టము, చట్టమునకు త్రాసు



విద్వేష ప్రసంగమును శిక్షింపవలదనువారు నేడు అరుదు. అయితే పరపక్షము పలికినది విద్వేషమనియు, తమవారు పలికినది ఆవేదన యనియు అందరును చెప్పుచున్నారు. ఈ చిక్కును చట్టము ఎంతవరకు విడదీయుచున్నదో, ఎచ్చట విడదీయలేకున్నదో ఈ పఠనమందిరమున మనవిచేసెదము.

మన శిక్షాశాసనమున విద్వేష ప్రసంగమను పేరుగల నేరము లేదు. వర్గముల నడుమ వైరము పెంచుట యను నేరము కలదు. దాని పుట్టుక చూడుడు. 1897లో బాలగంగాధర తిలకుపై రాజద్రోహ విచారణ జరిగెను. మరుసటి యేట పరప్రభుత్వము రాజద్రోహపు సెక్షనును విస్తరించుచు, ఆ సవరణతోడనే 153-ఎ సెక్షనును చేర్చెను. ప్రజలు తన్ను ద్వేషింపరాదనియు, తమలో తాము ద్వేషించుకొనరాదనియు ఒక్క కలముతోనే వ్రాసెను. మొదటిది దొరతనపు స్వార్థము. రెండవదానియందు ప్రజాక్షేమమును గలదు. ఈ జంటపుట్టుకను మనము మరువరాదు.

ఆ సెక్షను చాలదని 1927లో తేలెను. ఇస్లాము ప్రవక్తను అవమానించు కరపత్రమును ప్రకటించినవానిని లాహోరు హైకోర్టు విడిచిపెట్టెను. గతించిన మతకర్తను నిందించుట 153-ఎ క్రిందికి రాదనెను. కలవరము చెలరేగగా ఆ యేటనే 295-ఎ వెలసెను. బుద్ధిపూర్వకముగను, దురుద్దేశముతోను మతమును అవమానించుట అందలి నేరము. 1957లో సుప్రీముకోర్టు ఆ సెక్షనును నిలబెట్టుచు, తెలియక గాని అజాగ్రత్తచే గాని జరిగిన అవమానము దానిక్రిందికి రాదని స్పష్టపరచెను.

2024 జూలై 1 నుండి పాత శిక్షాస్మృతి స్థానమున భారతీయ న్యాయ సంహిత అమలులోనికి వచ్చినది. 153-ఎ నేడు 196వ సెక్షను. 295-ఎ నేడు 299వది. మతము, జాతి, జన్మస్థలము, నివాసము, భాష, కులము మున్నగువాని పేర, నోటితో గాని, వ్రాతతో గాని, ఎలక్ట్రానిక్ సాధనములతో గాని వైరము పెంచినవానికి మూడేండ్లవరకును ఖైదు. ఆరాధనాస్థలమున పెంచినచో అయిదేండ్లవరకును.

వైరమునకు రెండు పక్షములు కావలెను గదా! 1997లో ఆంధ్రప్రదేశము నుండి వెళ్లిన యొక అప్పీలులో సుప్రీముకోర్టు ఈ మాటనే చెప్పెను. ఒక వర్గపు భావములను రెచ్చగొట్టుట మాత్రము చాలదు. వేరొక వర్గముతో సంబంధము కనబడవలెను. పలికినవానికి దుస్సంకల్పము ఉండవలెను. కావున ప్రభుత్వమును గర్హించుట ఈ నేరము కాదు. మంత్రిని ఎత్తిపొడుచుటయు కాదు.

ఇక అసలు చిక్కు. ఈ నేరములను న్యాయస్థానము విచారణకు స్వీకరింపవలెనన్న ప్రభుత్వపు ముందస్తు అనుమతి కావలెను. వట్టి కక్షతో తెచ్చు అభియోగములను ఆపుటకు ఈ తలుపు అవసరమే కావచ్చును. గాని తాళపుచెవి అధికారపక్షము చేత నున్నది. తనవాడు పలికిననాడు తలుపు మూసి, పరుడు పలికిననాడు బార్లా తెరచినచో న్యాయమెక్కడిది? 2022 అక్టోబరులో మూడు ప్రభుత్వములను, 2023 ఏప్రిలులో రాష్ట్రములన్నిటిని, ఫిర్యాదు లేకున్నను, పలికినవాని మతమును చూడక కేసులు నమోదుచేయుడని సుప్రీముకోర్టు ఆదేశింపవలసివచ్చెను. ఉన్న చట్టమును కదలించుటకే ఇంత ప్రయాస!

2017లో లా కమిషను తన 267వ నివేదికయందు ద్వేషమును ప్రేరేపించుటకును, భయమును రేపుటకును వేర్వేరు సెక్షనులు సూచించెను. నిర్వచనము స్పష్టమగుట మేలే. అయితే త్రాసు వంకరయైనప్పుడు క్రొత్త తూనికరాళ్లు తెచ్చి ప్రయోజనమేమి? మా కోరిక యొక్కటి: అనుమతి ఇచ్చినను, నిరాకరించినను, ప్రభుత్వము గడువులోపల కారణము వ్రాసి ప్రజలకు తెలుపవలెను.

మనకును ఒక పరీక్ష కలదు. మనవాడు చేసిన ప్రసంగమును చేతబట్టుకొని, అందు నిందింపబడిన వర్గము పేరు తీసి మన వర్గము పేరు పెట్టి చదువుదము. అప్పుడు మన రక్తము ఉడికినచో, మొదట చప్పట్లు కొట్టిన చేతులు మనవేయని జ్ఞప్తికి తెచ్చుకొందము.